ఫ్రేములక్కకు రాని కామెర్లు

ఫ్రేములక్కకు పుట్టి బుద్ధెరిగాక కామెర్లు రాలేదు. జలుబు వచ్చింది, నడుంనొప్పి వచ్చింది, అద్దం కోసేటప్పుడు వేళ్లు తెగడమైతే లెక్కే లేదు. కామెర్లు మాత్రం ఆమె జోలికి రాలేదు. అలాంటిది, పెద్దకోర్టులో ఆమె పేరున దాఖలైన కాగితంలో ఆమె కామెర్లతో మంచం పట్టినట్టు, కళ్లూ గోళ్లూ పచ్చబడినట్టు, చప్పిడి పథ్యం తింటూ గడప దాటలేకపోయినట్టు శుభ్రంగా టైపు కొట్టి ఉంది. కింద సంతకం ఆమెదే. ఎవరో ఫోర్జరీ చేశారని చెప్పుకోవడానికి కూడా లేదు.

గొడవంతా ముందు గది గురించి. మామగారు కట్టిన ఇంట్లో వీధి వైపు ఒక గది, వెనక రెండు గదులు, ఆ వెనక కాస్త పెరడు. పంపకాల కాగితంలో ముందు గది చిన్నకొడుక్కి, వెనకవీ పెరడూ పెద్దకొడుక్కి అని రాసుకున్నారు. ఆ తర్వాత అన్నదమ్ములిద్దరూ ఓ సాయంత్రం మెట్ల మీద కూర్చుని నోటిమాటగా మార్చుకున్నారు. తమ్ముడికి డబ్బు అవసరం కాబట్టి పెరడు అతను అమ్ముకోవాలి, దానికి బదులు ముందు గదిలో అన్న ఫ్రేముల కొట్టు పెట్టుకోవాలి. అన్నదమ్ములు కదా, మళ్లీ కాగితం ఎందుకనుకున్నారు. అన్న బతికున్నంతకాలం మాట బతికింది. అన్న పోయిన కొన్నాళ్లకు తమ్ముడికి పాత కాగితం కనిపించింది, దాన్ని పట్టుకుని కోర్టుకెక్కాడు.

ఈ తమ్ముడు, అంటే ఫ్రేములక్క మరిది, డ్రైవింగు నేర్పే మాస్టారు. చెడ్డవాడు కాడు, ఆ మాట ముందే చెప్పాలి. అబద్ధమాడటం అతనికి చేతకాదు. "గది వాడుకోమన్నాను, ఉంచేసుకోమనలేదు" అని అతను కోర్టులో చెప్పింది కూడా అతనికి గుర్తున్న నిజమే. మనిషి జ్ఞాపకం మనిషికి లాభం వచ్చే వైపే కాస్త ఒరుగుతుంది, దానికి అతను మాత్రం ఏం చేస్తాడు. కింది కోర్టు కాగితాన్నే నమ్మింది. ఆ సాయంత్రం మెట్ల పక్కనే గోడకు సున్నం వేస్తూ ఉన్న మేస్త్రీని సాక్షిగా తెస్తామంటే, ఇప్పుడా తెచ్చేది అని విననే లేదు.

"ఈ తీర్పు పెద్దకోర్టులో ఒక్క వాయిదా కూడా నిలవదమ్మా," అన్నాడు ఫ్రేములక్క లాయరు. "మేస్త్రీని వినకపోవడమే పెద్ద తప్పు. గడువులోపు అప్పీలు వేస్తే చాలు, సగం గెలిచినట్టే."

గడువులోపు. ఆ మాటను ఆమె అప్పుడు అంతగా పట్టించుకోలేదు, గెలుస్తామన్న మాటనే పట్టుకుని ఇంటికొచ్చింది.

ఆమెకు ఆ గది పోవడమంటే ఏమిటో తెలియాలంటే వెనక గదులకు వెళ్లే దారి చూడాలి. పక్కింటి గోడకూ వీళ్ల గోడకూ మధ్య ఓ సందు. అందులో మనిషి సంచీ పట్టుకుని నడవాలంటే పక్కకు తిరగాలి. మధ్యలో ఓ మలుపు. అద్దం పలక ఎంత ఒడుపుగా పట్టుకున్నా ఆ మలుపు తిరగదు. వీధి వైపు షట్టరు ఉంటేనే అద్దం లోపలికొస్తుంది, అద్దం వస్తేనే ఫ్రేము, ఫ్రేము ఉంటేనే ఇంట్లో పొయ్యి. భర్త ఉన్నప్పుడు ఆయన అద్దం కోస్తే ఆమె వెనక అట్ట వేసి మేకులు కొట్టేది. ఆయన పోయాక రెండు పనులూ ఆమెవే. పెళ్లి ఫొటో అయినా, పోయినవాళ్ల ఫొటో అయినా, పిల్లల సర్టిఫికెట్టయినా ఆ వీధిలో గోడెక్కాలంటే ముందు ఆమె బల్ల ఎక్కాలి. అందుకే ఆమె అసలు పేరు అందరూ మర్చిపోయారు, ఆమెతో సహా.

తీర్పు నకలు చేతికొచ్చింది. అప్పీలు కాగితాలు తయారవుతున్నాయని గుమాస్తా కబురు చేశాడు. తయారవుతున్నాయంటే తయారైనట్టు కాదు. ఆ లాయరుగారి దగ్గర ఏ అప్పీలైనా ఆఖరి రోజు పొద్దున్నే పూర్తవుతుంది, అది ఆయన పద్ధతి. గడువు దగ్గర పడితే తప్ప ఆయన బుర్ర పదునెక్కదు. ఇన్నేళ్లలో ఎప్పుడూ తప్పింది లేదు కాబట్టి అదీ ఒక గొప్పగానే చలామణి అవుతోంది.

సరిగ్గా ఆ రోజుల్లోనే మరిది జారిపడ్డాడు. ఊరందరికీ బ్రేకు ఎక్కడుందో నేర్పిన మనిషి, రోడ్డు మీద ఒక్క గీత కూడా పడకుండా ఇన్నేళ్లు బండి నడిపిన మనిషి, స్నానాలగదిలో సబ్బునీళ్ల మీద జారి తుంటి విరగ్గొట్టుకున్నాడు. భార్య కూతురి పురిటికి వేరే ఊరు వెళ్లింది. కాన్పు కష్టమై అక్కడే చిక్కుకుపోయింది. పక్కింటాయన ఫోను చేసింది ఫ్రేములక్కకే. ఇంకెవరికి చేస్తాడు? ఆస్తి తగాదా సంగతి ఆయనకు తెలియదు మరి, వదిన అన్న సంగతే తెలుసు.

ఆమె షట్టరు దించి వెళ్లింది. సాయంత్రానికి తిరిగొచ్చేద్దామనుకునే వెళ్లింది.

ఆసుపత్రిలో మరిది ఆమెను చూసి చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. పెళ్లై ఆమె ఆ ఇంట్లో అడుగుపెట్టేనాటికి వీడికి ఇంకా మీసాలు రాలేదు. జ్వరమొస్తే ఆమె వండిన జావ తప్ప ముట్టేవాడు కాదు. మంచం మీద కదల్లేక, దుప్పటి పట్టుకుని, "వదినా, నన్నొదిలి వెళ్లకే," అన్నాడు. 

"ఎక్కడికి వెళ్తాను, పడుకో," అంది.

ఇంకో మాట కూడా అన్నాడు. నొప్పి మందు పడి కాస్త నెమ్మదించాక, "ముందు నన్ను లేవనియ్యి వదినా. ఆ గది సంగతి తర్వాత తీరిగ్గా కూర్చుని మాట్లాడుకుందాం," అన్నాడు. 

ఆ మాట ఆమె గుండెలో పెట్టుకుంది. ఇంకేం కావాలి? కోర్టులు చెయ్యలేనిది మంచం చేసిందనుకుంది. జబ్బుమనిషి దగ్గర గది మాట ఎత్తడం బాగుండదని తను మళ్లీ అడగనూ లేదు. జావ కాచింది, పక్కకు తిప్పి పడుకోబెట్టింది, మగ నర్సు రాని పూటల్లో చెయ్యాల్సినవన్నీ చేసింది. గుమాస్తా రెండుసార్లు ఫోను చేశాడు, "ముందే వచ్చి సంతకాలు పెట్టిపో అక్కా," అని. రెండుసార్లూ "రేపొస్తా తమ్ముడూ," అంది. ఎలాగూ మాట్లాడుకోబోతున్నాం కదా అన్న ధీమా ఒకటి లోపల కూర్చుంది.

ఆపరేషన్ రోజే ఆఖరి రోజైంది. మంచాన్ని చక్రాల మీద తోసుకెళ్తుండగా ఫోను మోగింది.

"ఫ్రేములక్కా, అప్పీలు తయారు. ఈ పూటే ఆఖరు. ఒక్క సంతకం పెట్టి వెళ్లిపోదువుగాని, ఏదో ఒక బండెక్కి వచ్చెయ్," అన్నాడు గుమాస్తా.

"ఆపరేషన్‌కి తీసుకెళ్తున్నారు తమ్ముడూ. మనిషిని వదిలేసి ఎలా రాను?"

"ఎవరికి ఆపరేషన్?"

"మా మరిదికి."

"మరిదంటే, మన ఎదుటి పార్టీయేనా?"

"అవును."

"అక్కా, గడువు మర్చిపోయినవాళ్లని చూశాను, తాగి పడిపోయినవాళ్లని చూశాను. ఎదుటి పార్టీకి సేవ చేస్తూ గడువు పోగొట్టుకునేవాళ్లని మాత్రం చూళ్లేదు. నేనే కాగితాలు పట్టుకొద్దామన్నా, అక్కడికొచ్చి వెనక్కి చేరేలోపు కోర్టులో కాగితాలు తీసుకునే కిటికీ మూసేస్తారు. నువ్వే రావాలి."

ఆమె ఏదో చెప్పబోయేలోపు నర్సు అట్టకు తగిలించిన కాగితం ముందు పెట్టింది. "పేషెంటుకి మీరేమవుతారు?"

"వదినని."

"రక్తసంబంధం ఉన్నవాళ్లు ఎవరూ లేరా?"

"ఇప్పటికి నేనేనమ్మా."

"అయితే ఇక్కడ పెట్టండి."

ఫోను చెవికీ భుజానికీ మధ్య ఇరికించుకుని ఆమె సంతకం పెట్టింది. ఆ రోజు ఆమె పెట్టిన సంతకం అదొక్కటే, అదీ ఎదుటి పక్షం కోసం.

తుంటి అతుక్కుంది. తోటికోడలు తిరిగొచ్చింది, "అక్కా, నీ రుణం తీర్చుకోలేం," అని చేతులు పట్టుకుంది. డాక్టరు ఎలా కూర్చోవాలో, ఎలా నడవాలో, ఏం చెయ్యకూడదో జాగ్రత్తలన్నీ చెప్తే అవన్నీ ఫ్రేములక్కే ఒకటికి రెండుసార్లు అప్పజెప్పించుకుని తోటికోడలికి అప్పగించింది. మరిది కర్ర పట్టుకుని ఇంటికెళ్లాడు. ఆమె కొట్టు తెరిచింది. ఇవాళ పిలుస్తాడు, రేపు పిలుస్తాడు అని ఎదురుచూసింది. పిలుపు రాలేదు, కోర్టు నుంచి గది ఖాళీ చెయ్యమని నోటీసు వచ్చింది.

నోటీసు పట్టుకుని మరిది ఇంటికి వెళ్లింది. "తీరిగ్గా కూర్చుని మాట్లాడుకుందామన్నావు కదా నాయనా."

"అవును వదినా, ఎప్పుడు ఖాళీ చేస్తావో మాట్లాడుకుందామన్నాను," అన్నాడు అతను, కొంచెం ఆశ్చర్యంగా. "నీకేం తొందర పెట్టకూడదనే అనుకున్నాను. లాయరు ముందే నోటీసు పంపించేశాడు. కోప్పడ్డాను కూడా."

నిజంగానే కోప్పడి ఉంటాడు. వదినంటే అతనికి ప్రేమ లేకపోలేదు. ప్రేమ ఒక గదిలో ఉంది, ముందు గది వేరే గదిలో ఉంది. ఆ రెండింటికీ మధ్య తలుపు పెట్టుకోలేదతను.

చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టు ఆమె లాయరు దగ్గరికి పరుగెత్తింది. ఆయన తల పట్టుకుని, తర్వాత తల వదిలేసి, "దీనికీ ఓ దారుంది. ఆలస్యాన్ని మన్నించమని అర్జీ పెడదాం. ఆలస్యమెందుకైందో ప్రమాణం చేసి చెప్పాలి. కారణం బాగుంటే కోర్టు ఒప్పుకుంటుంది. ఎందుకైంది?" అన్నాడు.

చెప్పింది. ఆయన కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు.

"ఇది ఎవరు నమ్ముతారమ్మా? ఎవరితో కేసు నడుస్తోందో వాడి మంచం దగ్గర కూర్చుని కేసు మర్చిపోయానంటే, అంత సఖ్యతుంటే ఇంట్లోనే తేల్చుకోండి అంటారు. లేదా కట్టుకథంటారు."

ఆమె కూడా అప్పుడో మాట అంది, ఆ తర్వాత ఎన్నిసార్లు తలుచుకుని తల బాదుకుందో చెప్పలేం. "అయినా వాడికి చేసిందంతా కోర్టులో రాసుకోవడం నాకూ ఇష్టం లేదండి. నలుగురిలో వాడి పరువు పోతుంది. చేసి చెప్పుకుంటే చేసినట్టా?"

"మంచిది. అయితే కామెర్లు వేద్దాం," అన్నాడు లాయరు.

ఆ ఆఫీసులో కామెర్లు ఎప్పుడూ సిద్ధంగా ఉంటాయి. గుమాస్తా కంప్యూటర్లో వాటికో ఫైలే ఉంది, పేరు మార్చుకుంటే చాలు. "గుండెపోటంటే రిపోర్టులడుగుతారు, కాలు విరిగిందంటే ఎక్స్‌రే అడుగుతారు. కామెర్లకి ఇంట్లో పథ్యం చేశామంటే సరి. పైగా ఎన్నాళ్లు కావాలంటే అన్నాళ్లుంటాయి," అన్నాడు గుమాస్తా, ఆమెను నవ్విద్దామని. "మా ఆఫీసులో కామెర్లు రాని కక్షిదారు లేడక్కా. లాయరుగారికి తప్ప అందరికీ వచ్చాయి."

ఆమె నవ్వలేదు. "నాకు రాలేదే," అంది. సంతకం మాత్రం పెట్టింది. వద్దనడానికి ఆమె దగ్గర ఇంకో దారి లేదు. చదువుకున్నాయన, ఇలాంటివి ఎన్నో చూసినాయన చెప్పాడు, అంతే.

వాయిదా రోజున పెద్దకోర్టు హాలు కిక్కిరిసి ఉంది. ఫ్యాను కింద నల్లకోట్లన్నీ గుంపుకట్టాయి. ఫ్రేములక్క వెనక బెంచీ చివర, పక్కాయన మోచెయ్యి తగలకుండా ముడుచుకుని కూర్చుంది. జడ్జి పెద్దాయన, మెత్తటి గొంతు. అర్జీ చదివి, "పాపం, కామెర్లా," అన్నాడు. ఆమెకు ప్రాణం లేచొచ్చింది. ఇంకొక్క మాట అంటే చాలు, మేస్త్రీ బోనెక్కుతాడు, గది నిలబడుతుంది.

అప్పుడు మరిది తరఫు లాయరు లేచాడు. ఆయన చేతిలో మరిది ప్రమాణం చేసి ఇచ్చిన జవాబు ఉంది. ఆయన దాన్ని తాపీగా చదివాడు.

"అర్జీదారు నాకు స్వయానా వదిన. ఆమెకు ఆ రోజుల్లో ఎలాంటి జబ్బూ లేదు. నేను తుంటి విరిగి ఆసుపత్రిలో ఉండగా ఆమె ఒక్క పూట కూడా నన్ను విడిచి వెళ్లలేదు. స్వయంగా జావ కాచి తాగించారు. నేల మీద పడుకున్నారు. కన్నతల్లి కూడా చెయ్యని సేవ చేశారు. నా ఆపరేషన్‌కు సంతకం పెట్టింది కూడా ఆమే. ఆ రోజు ఆమె లేకపోతే నేను ఏమైపోయేవాడినో నాకు తెలియదు."

వింటూ వింటూ ఫ్రేములక్క కళ్లల్లో నీళ్లు తిరిగాయి. ఇంతకాలంలో ఆమె చేసినదాన్ని ఇలా వరసపెట్టి చెప్పినవాళ్లు లేరు. మరిది నోటితో ఎప్పుడూ అనలేదు, కాగితం మీద అన్నాడు. కొంగుతో కళ్లు తుడుచుకుంటుండగా, తన లాయరు మెడ కిందికి వంగిపోయిందని గమనించింది. అప్పుడు తెలిసింది ఆమెకు, ఏం జరుగుతోందో.

"అర్జీదారు వచ్చారా?" అన్నాడు జడ్జి.

లేచి నిలబడింది.

"అమ్మా, కామెర్లన్నారు మీరు. సేవ చేశారంటున్నారు వాళ్లు. ఏది నిజం?"

ఆమె తన లాయరు వైపు చూసింది. ఆయన ఫైలు తాడు ముడి వేసుకుంటున్నాడు. ఎటూ తోచలేదు. మరిది చెప్పింది అబద్ధమని ఎలా అంటుంది? ఆ జావ ఆమె కాచిందే కదా.

"వాళ్లు రాసిందే నిజమండి," అంది.

"మరి మీరు ప్రమాణం చేసింది?"

అబద్ధమాడినా అతికినట్టుండాలంటారు. ఆమెకు నిజం చెప్పడమూ రాలేదు, అబద్ధం అతికించడమూ రాలేదు. అదే ఫ్రేమైతే మూలలు అతికించి చూపించేది.

జడ్జి అర్జీ మూసి పక్కన పెట్టాడు. "ఈ నిజాన్నే మీరు మొదట చెప్పి ఉంటే నేను తప్పకుండా ఆలోచించేవాణ్నమ్మా," అన్నాడు బాధగా. "అబద్ధపు ప్రమాణం మీద గడువు పొడిగించమంటే మాత్రం నా చేతిలో లేదు. అర్జీ కొట్టేస్తున్నాను. అప్పీలూ దాంతోనే పోయింది."

ఆ వెంటనే ఇంకో కేసు పిలిచారు. పక్కాయన, "కూర్చుంటారా, వెళ్తారా?" అని మర్యాదగానే అడిగి ఆమె చోటులోకి జరిగాడు.

బయట వరండాలో గుమాస్తా ఆమె వెంట నడిచాడు. "పైన ఇంకో కోర్టుంది అక్కా. దానికీ గడువుంది," అని మొదలుపెట్టి, ఆమె ముఖం చూసి ఆపేశాడు. కొండనాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడింది, ఆ మందు కలిపిన చెయ్యి తనదే అని అతనికీ తెలుసు. పోయిన కామెర్లను ఏ కోర్టూ మళ్లీ నమ్మదని ఇంకా బాగా తెలుసు.

వరండా చివరి బెంచీ మీద మరిది కూర్చుని ఉన్నాడు. ఆమెను చూసి కర్ర ఊతంగా లేవబోయాడు.

"లేవకు, లేవకు. ఒక్కసారిగా లేవకూడదు," అంది, చెయ్యి అడ్డం పెట్టి.

"విన్నావా వదినా?" అన్నాడు. ముఖం వెలిగిపోతోంది. "జబ్బు లేదని ఒక్క ముక్క రాస్తే చాలన్నాడు మా లాయరు. నేనే ఒప్పుకోలేదు. మా వదిన చేసిందంతా రాయాల్సిందేనన్నాను. జావ సంగతి కూడా నేనే రాయించాను. జడ్జిగారు నీ గురించి తెలుసుకోవాలి కదా."

ఆమెకు అరవాలనిపించింది. నీ మెచ్చుకోలు నా కొంప ముంచిందిరా అని పట్టుకుని ఊపాలనిపించింది. కానీ అతను నిజంగా సంతోషంగా ఉన్నాడు, బాకీ తీర్చుకున్నవాడి సంతోషం అది. ఏమని అంటుంది? అబద్ధం తనది, నిజం వాడిది.

"విన్నాను," అంది. "బాగా రాయించావు."

గది ఖాళీ చేసేటప్పుడు పొడుగాటి బల్ల సందు మలుపు తిరగలేదు. కాళ్లు కోయించినా తిరగలేదు. చివరికి పాతసామాన్లవాడు పట్టుకుపోయాడు. అద్దం పలకల్ని ఇంకో వీధిలో ఫ్రేములవాడు తీసుకున్నాడు. పదిమందీ ఇచ్చి మర్చిపోయిన ఫొటోలు కొన్ని మిగిలితే, వాటిని ఆమె ఛాతీకి హత్తుకుని, పక్కకు తిరిగి, సందులోంచి వెనక గదిలోకి చేర్చుకుంది.

మర్నాడు పొద్దున్నే వీధిలోంచి మరిది గొంతు వినిపించింది. ఆమె సందులోంచి బయటికొచ్చింది. డ్రైవింగు స్కూలు కొత్త బోర్డు గోడకు ఆనించి ఉంది. మరిది షట్టరు ముందు కర్ర పట్టుకుని, తాళంచెవి చేత్తో పట్టుకుని నిలబడి ఉన్నాడు.

"వంగకూడదు, బరువెత్తకూడదు అన్నారు కదా వదినా డాక్టరు. నీకు తెలుసుగా," అన్నాడు.

తెలుసు. ఆ జాగ్రత్తలు డాక్టరు చెప్పింది ఆమెకే. తాళంచెవి తీసుకుంది. ఆ షట్టరు ఎడమ పక్క కాస్త బిగుసుకుంటుంది. ముందు కాలితో అక్కడ తట్టి, తర్వాత రెండు చేతులతో ఎత్తాలి. వంగి, తట్టి, ఎత్తింది. ఖాళీ గదిలోంచి జిగురు వాసన బయటికొచ్చింది. గోడ మీద, బల్ల ఉన్నంత మేర, సున్నం ఇంకా తెల్లగా ఉంది.

"రేపట్నుంచి పొద్దున్నే కాస్త నువ్వే ఎత్తిపెడుదువుగాని వదినా," అన్నాడు మరిది, జాగ్రత్తగా గడప దాటుతూ. "తొమ్మిదింటికల్లా నేర్చుకునేవాళ్లొచ్చి నిలబడతారు. ఆలస్యం కానివ్వకు."

"కానివ్వనులే," అంది ఫ్రేములక్క.